ఈగ వాలిన బెల్లం

పోయినవాటిని వరసగా లెక్క పెడితే ఇలా వస్తుంది. బరంపురం బజారులో రెండు తలుపుల బెల్లం కొట్టు ఒకటి. దాని వెనక నూట నలభై బస్తాలు పట్టే గోదాం ఒకటి. గోదాం వెనక మేం కాపురమున్న మూడు గదులు. గదుల వెనక పెరడు. పెరట్లో నుయ్యి. కొట్టులో మనిషెత్తు ఇనుప కాటా. నేను ఐదో తరగతి దాకా చదివిన తెలుగు బడి. ఇప్పుడక్కడ తెలుగులో హాజరు పిలిచేవాళ్ళు లేరు. బజారు చివర నిలబడినా వినిపించే మా నాన్న గొంతు. పగలంతా ఎవరినో ఒకరిని తిడుతూ ఉండే మా మామ్మ. ఎనిమిది నెలల పది రోజుల తమ్ముడు.

మొత్తం పది. చివరిది తప్ప మిగతావన్నీ కాలం తీసుకుపోయింది, అందరికీ తీసుకుపోయినట్టే. చివరిదాని గురించే ఈ నాలుగు మాటలు.

పోయిన వారం ఇక్కడే, బరంపురంలోనే, కొత్తగా పెట్టిన ఒక పెద్ద కిరాణా దుకాణానికి వెళ్ళాను. లోపల చల్లటి గాలి, అద్దాల తలుపులు. బెల్లం చిన్న చిన్న ముక్కలుగా కోసి ప్లాస్టిక్ ప్యాకెట్లలో పేర్చి ఉంది. నేను ఒకటి తీసి అటూ ఇటూ తిప్పి చూస్తుంటే అక్కడ పనిచేసే అమ్మాయి దగ్గరికొచ్చింది.

"మంచి బెల్లం మేడం. ఎంత క్లీనో సూడండి. ఒక్క ఈగ కూడా వాలదు."

మా నాన్న బతికుండి ఆ మాట వింటే నవ్వాలో తిట్టాలో తెలియక నిలబడిపోయేవాడు. ఎందుకంటే ఆయన ముప్ఫై ఏళ్ళ వ్యాపారమంతా సరిగ్గా దానికి ఎదురు మాట మీద నడిచింది.

మా కొట్టులోకి బేరగాడు వస్తే నాన్న ధర చెప్పేవాడు కాదు, బెల్లం రుచి చూపించేవాడు కాదు. ముందు వరసలో ఒక దిమ్మ మీద గోనెపట్టా ఎత్తేవాడు. నల్లగా కప్పుకుని ఉన్న ఈగలు ఒక్కసారి గుయ్యిమని లేచి, మళ్ళీ అక్కడే వాలేవి. "సూడు బాబూ! నా నోరు సెప్పీది మాట, ఈగ సెప్పీది నిజం. మందు కలిపిన బెల్లం మీద ఈగ వాల్తదేటి?" అనేవాడు. పొలసర నుంచీ, పాత్రపూర్ నుంచీ వచ్చే ఒడియా బేరగాళ్ళు తల ఊపేవారు. "మాఛి అఛి, గుడొ భలొ" అనుకునేవారు. ఈగ ఉంది, కాబట్టి బెల్లం మంచిది. అది నిజమో కాదో నాకు ఇప్పటికీ తెలియదు. బజారులో అందరూ నమ్మారు. అందుకని మా కొట్టులో ఈగని తోలడం తప్పు, చంపడం ఇంకా పెద్ద తప్పు. గద్దె మీద కూర్చున్న నాన్న చెవి మీద ఈగ వాలినా తల కొంచెం కదిపేవాడు తప్ప చెయ్యి ఎత్తేవాడు కాదు.

కొట్టులో ఈగ లక్ష్మి. గోదాం గడప దాటి ఇంట్లోకొస్తే అదే ఈగ మా అమ్మ ప్రాణానికి శత్రువు. ఆ రెంటికీ మధ్య ఒక పాత చీర తెర.

ఆ ఇంటి వాసన ఇప్పుడు ఎక్కడా దొరకదు. పాకం వాసన, గోనె వాసన, చెమ్మగిల్లిన నేల వాసన, వాటి మీద వేపాకు పొగ. అమ్మ పొద్దునా సాయంత్రం కుంపట్లో వేపాకు వేసి మూడు గదులూ తిప్పేది. ఫినాయిలు నీళ్ళతో తుడిచేది. అన్నం మీద, పప్పు మీద, తమ్ముడి పాలగిన్నె మీద ఇనుప జాలీ మూతలు. మేము భోజనానికి కూర్చుంటే ఒక చెయ్యి కంచంలో, ఒక చెయ్యి గాలిలో. బళ్ళో నా పక్కన కూర్చునే పిల్ల మా ఇంటికి ఒక్కసారే వచ్చింది. ఆ తర్వాత నన్ను పేరు పెట్టి పిలవలేదు. మాఛి అని పిలిచేది. తరగతంతా దానికి అలవాటు పడింది.

నాకప్పుడు పదేళ్ళు. తమ్ముడు అన్నప్రాశన అయి పాకడం మొదలుపెట్టిన వేసవి అది. పనసకాయలూ మామిడిపళ్ళూ దిగాయి, ఈగలు మరీ ముసిరాయి. అమ్మ తాటాకు విసనకర్రని చీల్చి, కాడ ఉంచి, నాకు ఈగల బద్ద తయారుచేసి ఇచ్చింది.

"రోజుకి వంద. వంద కొట్టినాకే సద్దన్నం" అంది.

లెక్క నాకు అలా వచ్చింది. బళ్ళో రాలేదు. చచ్చిన ఈగల్ని నేల మీద పదేసి చొప్పున పది వరసలు పేర్చాలి. అమ్మ వచ్చి చూసి, వంటింటి గోడ మీద బొగ్గుతో ఒక గీత గీసేది. ఒక గీతకి వంద. శనివారాలూ ఏకాదశులూ చంపడానికి వీల్లేదు, మామ్మ ఒప్పుకోదు. మిగతా రోజుల్లో కూడా తులసి దగ్గర నుంచే అరిచేది.

"ఏటే గుంటా, పొద్దున్నే పేణాలు తీస్తన్నావు! వొచ్చే జన్మలో ఈగై పుడతావు."

"ఈగనైతే బోలెడు బెల్లం తినొచ్చు కదా మామ్మా."

"ఒలమ్మ, దీని నోరు సూడండర్రా!"

ఒకరోజు ఒళ్ళు బరువై నలభై మాత్రమే కొట్టాను. పెరట్లో ఎండబెట్టిన బొప్పాయి గింజలు అరవై ఏరి వాటి మధ్యలో కలిపి పేర్చాను. దూరం నుంచి చూస్తే తేడా తెలియదు. అమ్మ వంగి చూసింది. ఒక గింజని గోటితో దొర్లించింది.

"ఇయ్యి ఏ ఊరి ఈగలే? రెక్కలు ఇంటికాడ ఒగ్గేసి ఒచ్చినాయేటి?"

అమ్మ అంత గట్టిగా నవ్వగా ఆ వేసవిలో అదొక్కసారే విన్నాను. కానీ గీత మాత్రం గీయలేదు. ఎనిమిది వారాల్లో శనివారాలు ఎనిమిది, ఏకాదశులు నాలుగు తీసేస్తే నలభై నాలుగు పొద్దులు. గోడ మీద గీతలు నలభై మూడు. నాలుగు వేల మూడు వందల ఈగలు. ఇది నేను ఇప్పుడు ఊహించి రాస్తున్నది కాదు, ఆ గోడ నాకు ఇంకా కనిపిస్తుంది.

ఈగలు నిజంగానే తగ్గాయి. మధ్య గదిలో ఉయ్యాల మీద అమ్మ కప్పే పల్చటి గుడ్డ తీసేసినా తమ్ముడు హాయిగా నిద్రపోయేవాడు. అది చూసి అమ్మకి ధైర్యం వచ్చింది. తెర తీసేసి గోదాం గుమ్మానికి జాలీ తలుపు పెట్టించమని నాన్నని అడిగింది. నాన్న ఏ కళనున్నాడో సరేనన్నాడు. వడ్రంగి మిస్త్రీ వచ్చి గుమ్మం కొలుచుకుని వెళ్ళాడు. రథయాత్ర వెళ్ళాక తెచ్చి బిగిస్తానన్నాడు.

ఆ వారమే పొలసర బేరగాడు వచ్చాడు. ప్రతిసారీ ముప్ఫై బస్తాలు ఎత్తే మనిషి. నాన్న అలవాటుగా గోనెపట్టా ఎత్తాడు. నేను తెర పక్కనుంచి చూస్తున్నాను. దిమ్మ మీద ఆరు ఈగలున్నాయి.

"సావుకారూ, మాఛి కాహిఁ?" అన్నాడు బేరగాడు, ఈగలేవీ అని. తర్వాత తెలుగులోకి దిగాడు. "పోయిన తడవ మూగి ఉండీవి కదా. ఈ తడవ మందేటైనా తగిలించినారా?"

నవ్వుతూనే అన్నాడు. నవ్వుతూనే చెప్పులేసుకుని ఎదురు కొట్టుకి వెళ్ళిపోయాడు.

నాన్న తెర లాగి లోపలికొచ్చాడు. కుంపట్లో వేపాకు ఇంకా పొగలు కక్కుతోంది. గోడ మీద గీతలు చూశాడు. నా చేతిలోంచి ఈగల బద్ద లాక్కుని రెండుగా విరిచాడు.

"నా నోటికాడ కూడు తీసినారు మీరిద్దరూ! ఇయ్యాల్టి నుంచి ఈ ఇంట్లో పొగ నేదు, బద్దా నేదు. ఆ జాలీ తలుపూ నేదు."

అమ్మ తమ్ముణ్ణి చంకనేసుకుని నిలబడి ఉంది. "పిల్లడు పాకుతున్నాడండీ. నేల మీద ఏది దొరికితే అది నోట్లో ఎట్టుకుంటన్నాడు. మీ ఈగల్ని నాను ఒద్దనట్లేదు. కొట్టు వరకు ఉంచుకోండి. తలుపొక్కటి ఏయించండి సాలు."

"జాలీ తలుపున్న బెల్లం కొట్టు ఎక్కడైనా సూసినావేటి? ఈగకి బయపడీ సావుకారి దగ్గిర సరుకు ఎవుడు కొంటాడు? నాను ఈ ఈగల్లోనే పుట్టినాను, ఈటిల్లోనే పెరిగినాను. సచ్చిపోనానేటి?"

"మీ అమ్మ ఎనిమిది మందిని కన్నారు" అంది అమ్మ మెల్లగా. "మిగిలినోళ్ళు ముగ్గురు."

మామ్మ తులసి దగ్గరే ఉంది. విన్నది. ఎవరు ఏమన్నా పదింతలు తిరిగి ఇచ్చే మనిషి కొంగు తల మీదికి లాక్కుని నూతి వైపు తిరిగి కూర్చుంది. నాన్న కొట్టులోకి వెళ్ళిపోయాడు.

మర్నాడు నాన్న నన్ను పిలిచాడు. పిలవడమే వింత. ఆయనకి నేనొక ఆడపిల్లని, ఇంట్లో ఉంటుంది అని తెలుసు, అంతే. గద్దె మీద తన పక్కన చోటు చూపించాడు.

"నీకు లెక్క బాగా వచ్చునటగా. ఆ దిమ్మ మీద ఈగలెన్నో సెప్పు."

ఈగలు కదులుతుంటాయి, ఒక్కొక్కటే లెక్క పెట్టలేం. నేను దిమ్మని కంటితోనే నాలుగు భాగాలు చేసి, ఒక భాగంలోవి లెక్కపెట్టి, నాలుగుతో హెచ్చించాను. "పన్నెండు" అన్నాను. ఎలా చెప్పానో అడిగి తెలుసుకుని నాన్న నా వైపు ఒక నిమిషం చూశాడు.

"నీకున్న బుర్ర మా గుమస్తాకి నేదే!"

పదేళ్ళు ఎదురుచూసిన మాట అది. ఎదురుచూస్తున్నానని కూడా నాకు అప్పటిదాకా తెలియదు.

తర్వాత పని చెప్పాడు. ఈగలు వచ్చేది పెరటి వైపు నుంచి. వాటికి దారి చూపించాలి. అమ్మ తెల్లారి నూతి దగ్గరకి వెళ్ళినప్పుడు ఒక చెంబు బెల్లం నీళ్ళు గోదాం గడప మీద చిలకరించాలి. అమ్మకి చెప్పకూడదు. పొద్దెక్కాక దిమ్మ మీద ఎన్ని వాలాయో వచ్చి చెప్పాలి.

నేను పోశాను. ఒక గడప మీద పొయ్యమన్నాడు నాన్న. రెండో గడప, మధ్య గదికీ పెరటికీ మధ్య ఉన్నది, నా సొంత తెలివి. అంకె తొందరగా పెరగాలని. మధ్య గదిలో ఉయ్యాల ఉంది. ఆ సంగతి నాకు తెలియదని రాయలేను. ఉయ్యాల తాడు తగలకుండా ఒక పక్కకి వంగి, చెంబు పట్టుకుని వెళ్ళడం నాకు గుర్తుంది.

మొదటి రోజు పదహారు. మూడో రోజు ముప్ఫై రెండు. ఆరో రోజు అరవై. ప్రతి ఉదయం గద్దె మీద కూర్చుని అంకె చెప్పేదాన్ని. నాన్న తొడ చరిచి, చేతిలో ఇంత బెల్లం ముక్క పెట్టేవాడు. వచ్చినవాళ్ళకి చూపించి "నా గుమస్తా" అనేవాడు. ఆ రోజుల్లో బడికి వెళ్ళాలనిపించలేదు. అక్కడ నేను మాఛిని.

ఇంట్లో మళ్ళీ రెండు చేతుల భోజనం మొదలైంది. తమ్ముడు పాకుతూ గడప దగ్గరికి వెళ్ళి, అరచెయ్యి ఆనించి, నోట్లో పెట్టుకునేవాడు. తియ్యగా ఉండేది కాబోలు. నవ్వేవాడు. అమ్మ వాడి చెయ్యి కడిగేది, గడప తుడిచేది, మళ్ళీ కడిగేది. ఉయ్యాలలో వాడి కళ్ళ కొసల దగ్గరా పెదాల దగ్గరా ఈగలు. అమ్మ ఒక చేత్తో విసురుతూ ఒక చేత్తో గరిటె తిప్పేది.

పదకొండో రోజు పొద్దున పావు వంతులో ఇరవై ఒకటి. నాలుగుతో హెచ్చిస్తే ఎనభై నాలుగు. ఆ రోజే పొలసర బేరగాడు తిరిగొచ్చాడు. నాన్న గోనెపట్టా ఎత్తలేదు, నన్ను ఎత్తమన్నాడు. ఈగలు లేచిన మోతకి బేరగాడు వెనక్కి జరిగి నవ్వాడు. ముప్ఫై బస్తాలు బండికెక్కాయి.

సాయంత్రానికి తమ్ముడికి వాంతులు పట్టుకున్నాయి. తర్వాత విరేచనాలు.

మామ్మ అప్పటి పెద్దవాళ్ళందరిలాగే కడుపుకి ఏమీ ఇవ్వొద్దంది. నీళ్ళు పోస్తే ఇంకా పోతాయని. అమ్మ చెంచాతో నీళ్ళు పట్టబోతే చెయ్యి పట్టుకుని ఆపింది. రెండో రోజు మధ్యాహ్నానికి వాడి కళ్ళు లోపలికి పోయాయి. ఏడిస్తే నీళ్ళు రాలేదు. అప్పుడు రిక్షాలో ఆస్పత్రికి తీసుకెళ్ళారు. డాక్టరు వాడి పొట్ట మీద చర్మం పట్టి లాగి వదిలాడట. అది తిరిగి సర్దుకోలేదట. "ఇంత ఆలస్యమా?" అని ఆయన అడిగాడని అమ్మ చెప్పింది. ఆ సాయంత్రమే వెనక్కి తెచ్చారు. అంత చిన్నవాళ్ళకి కర్మలుండవు కదా, ఒక గంటలో అంతా అయిపోయింది.

ఏ ఈగ, ఏ గడప, ఏ రోజు అని ఎవరైనా అడిగితే నేను రుజువు చెయ్యలేను. ఆ వానాకాలం మా వీధిలో ఇంకో ముగ్గురు పిల్లలకి అదే జబ్బు చేసింది. వాళ్ళ ఇళ్ళలో బెల్లం లేదు. వాళ్ళు బతికారు. నూతినీళ్ళు కావచ్చు, మామ్మ ఆపిన చెంచా కావచ్చు. లెక్క తెలిసినదాన్ని కనుక, తెలియనిదాన్ని తెలుసని రాయను. కానీ తెలిసినవి కూడా దాచను.

నాన్న పరామర్శకి వచ్చినవాళ్ళతో దిష్టి తగిలిందన్నాడు. మగపిల్లాడు, తెల్లగా ఉండేవాడు, అందరి కళ్ళూ పడ్డాయి అన్నాడు. నన్ను మళ్ళీ గద్దె మీదకి పిలవలేదు. నా వైపు చూడటం కూడా మానేశాడు. బెల్లం నీళ్ళు పోయమని చెప్పింది తనేనని ఆయనకి నన్ను చూస్తే గుర్తొచ్చేదనుకుంటాను.

రథయాత్ర వెళ్ళిన నాలుగో రోజున వడ్రంగి మిస్త్రీ వచ్చాడు, భుజం మీద జాలీ తలుపుతో. వద్దని అతనికి కబురు చెయ్యడం నాన్న మరిచిపోయాడు. మిస్త్రీ గుమ్మం ముందు తలుపు నిలబెట్టి, చెమట తుడుచుకుని, వచ్చీ రాని తెలుగులో అన్నాడు.

"సూడమ్మా, ఎంత సన్న జాలీ ఏసినానో. ఈగ కాదు, ఈగ పిల్ల కూడా రాదు. బాబు ఎక్కడ? నిద్రలో?"

నాన్న గద్దె మీద నుంచి లేవలేదు. మామ్మ ఏడుపు అందుకుంది. అమ్మ ఒక్కర్తే మామూలు గొంతుతో అంది, "ఆ గోడకి ఆనించు నాయనా. మంచినీల్లు తాగెల్లు."

ఆ తలుపు ఎప్పుడూ గుమ్మానికెక్కలేదు. అమ్మ దాన్ని పెరట్లో రెండు రాళ్ళ మీద పరిచి వడియాలు ఎండబెట్టేది. వాటి మీద ఈగలు వాలేవి. తోలేది కాదు.

తర్వాత కొన్నేళ్ళకి తెల్లటి బెల్లం వచ్చింది. మెరిసే బెల్లం, పచ్చని కాగితం చుట్టినది. పొలసరలో కూడా నల్లబెల్లం అడిగేవాళ్ళు తగ్గారు. ఈగలు చూపిస్తే కొత్త బేరగాళ్ళు ముక్కు మూసుకున్నారు. నాన్న అయినా గోనెపట్టా ఎత్తడం మానలేదు. "నాకు ఇంకో యాపారం రాదు" అనేవాడు. కొట్టు అమ్మేటప్పటికి గోదాంలో పదిహేడు బస్తాలు మిగిలాయి. అందులో సగం కరిగి నేలపాలైంది. ఆయన పోయి కూడా చాలాకాలమైంది. అమ్మ నా దగ్గర ఉంది.

పోయిన వారం ఆ ప్యాకెట్ కొని ఇంటికి తెచ్చాను. మధ్యాహ్నం మూడు దాటింది. అమ్మ కిటికీ దగ్గర కూర్చుని చిక్కుడుకాయలు ఈనెలు తీస్తోంది. నేను ప్యాకెట్ కత్తిరించి, ఒక ముక్క పళ్ళెంలో పెట్టి ఆమె ముందుంచాను. దుకాణంలో ఆ అమ్మాయి అన్న మాట చెప్పాను. అమ్మ నవ్వలేదు. బెల్లం ముట్టుకోలేదు కూడా. తమ్ముడు పోయాక ఆమె బెల్లం తినడం నేను చూడలేదు.

అంత కాలం లోపల పెట్టుకున్న మాట, మరో మాట మధ్యలోంచి జారినట్టు బయటికొచ్చేసింది.

"అమ్మా, ఆ యేడు గడపల మీద బెల్లం నీళ్ళు పోసింది నేనే."

"తెలుసు" అంది, కాయ మీద నుంచి కళ్ళు ఎత్తకుండా.

"నాన్న పొయ్యమన్నాడు. ఒక గడపే పొయ్యమన్నాడు. రెండోది నేనే..."

"అదీ తెలుసు. నడిసినప్పుడల్లా అరికాలికి అంటుకునీది. బెల్లం కొట్టు కోడలికి బెల్లం నీల్లు తెలవ్వేటే?"

"మరి నన్నెందుకు ఆపనేదు?"

అమ్మ రెండు కాయలు వలిచింది. మూడోది చేతిలో పట్టుకుని ఆగింది.

"నువ్వు గద్దె మీద మీ నాన్న పక్కన కూకొని నవ్వుతుండీదానివి. తెర సందులోంచి సూసీదాన్ని. పుట్టినకాడి నుంచి ఆ మనిషి నిన్ను దగ్గిరికి తీసింది అదే మొదులు. నాను ఒద్దంటే మల్లా నిన్ను సూడడు. అందుకని నువ్వు పోసీదానివి, నాను తుడిసీదాన్ని. తుడిస్తే సాల్తాదనుకున్నాను."

 నాకు వచ్చిన ఒకే ఒక్క విద్య లెక్కే కనుక, అడిగాను.

"నీకు ఎన్నో నాడు తెలిసింది?"

"మూడో నాడు" అంది. "తెల్లారి నూతికాడి నుంచి ఒస్తంటే."

నేను పోసింది పదకొండు పొద్దులు. అందులో మొదటి రెండు అమ్మకి తెలియవు. అవి నావీ నాన్నవీ, వాటిని ఎలా పంచుకోవాలో నాకు తెలుసు, పంచుకున్నాను. మిగతావి ఆమె చూస్తూ, తుడుస్తూ, కొడుకు పక్కన నిలబడి కూతురికి ఇచ్చినవి. వాటికి ఎదురుగా వెయ్యడానికి ఇన్నేళ్ళలో నేను చేసినవన్నీ తెచ్చి చూశాను. అన్నం పెట్టడం, మందులివ్వడం, కాళ్ళు పట్టడం. ఆ రోజుల్లో ఒక్కటీ తగ్గలేదు.

తొమ్మిది రోజులు.